సంతకం మనది, రాజీనామా ఎవరిది?

(కార్మికుల సభలో యూనియన్ తరఫున చేసిన ప్రసంగం)



"నేను పని మానలేదు, నాచేత మాన్పించారు." యూనియన్ ఆఫీసు మెట్లెక్కే అన్నదమ్ముల నోట మేము తరచూ వినే మాట ఇది. మానడానికీ మాన్పించడానికీ చట్టంలో ఎంత తేడా ఉందో ఇవాళ చెప్పుకుందాం.

ముందు డబ్బు లెక్క చూద్దాం. యాజమాన్యం తనంతట తాను మనల్ని తీసేస్తే అది రిట్రెంచ్‌మెంటు. దానికి నెల రోజుల నోటీసు, నిండిన ప్రతి ఏడాదికీ 15 రోజుల సగటు వేతనం ఇవ్వాలని 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం చెప్పింది. 2025 నవంబరు 21న అమల్లోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్ కూడా అదే లెక్కను ఉంచింది. అంటే 22 ఏళ్లు మగ్గం ముందు నిలబడినవాడికి 330 రోజుల వేతనం. మనంతట మనం మానుకుంటే మాత్రం ఆ పరిహారం లేదు. అందుకే కొందరు యజమానులు తీసేసే ఉత్తర్వు రాయరు, మనచేత రాజీనామా రాయిస్తారు.

"సంతకం పెడితేనే నీ గ్రాట్యుటీ, నీ ఫండు ఇస్తాం" అంటే నమ్మకండి. ఐదేళ్ల సర్వీసు నిండినవాడు మానుకున్నా గ్రాట్యుటీ వస్తుంది. ప్రావిడెంట్ ఫండు మన సొమ్మే. మన సొమ్మును మనకే ఎరగా చూపిస్తున్నారన్నమాట.

తెలిసి, ఇష్టపడి వదులుకుంటేనే అది రాజీనామా. బెదిరించి గాని, పెత్తనం చూపి లొంగదీసి గాని తీసుకున్న ఒప్పుదలను రద్దు చేయించుకోవచ్చని 1872 కాంట్రాక్టు చట్టమే అంటుంది. దొంగతనం కేసు పెడతామని ఆఫీసు గదిలో కూర్చోబెట్టి రాయించుకున్న కాగితం అలాంటిదే. మనకు చదవరాని భాషలో టైపు చేయించి, "ఇది సెలవు కాగితం" అని వేలిముద్ర వేయించుకుంటే అది మోసం. కాని బలవంతాన్ని, మోసాన్ని రుజువు చేయాల్సిన భారం మన మీదే ఉంది. ఆ గదిలో మనకు సాక్షి ఎవరూ ఉండరు. కాబట్టి బయటికొచ్చాక మనమేం చేశామన్నదే మన సాక్ష్యం.

ఇంకో పద్ధతి ఉంది. పెళ్లికో జబ్బుకో మన ఊరు వెళ్తాం. వచ్చేసరికి మస్టరులో పేరుండదు. "ఎనిమిది రోజులు రాలేదు, నీవే మానుకున్నావు" అంటారు. మద్రాసు బకింగ్‌హాం అండ్ కర్నాటిక్ మిల్లు కార్మికుడి కేసులో సరిగ్గా అలాంటి స్టాండింగ్ ఆర్డరే చెల్లింది. 1964 లా రిపోర్టుల్లో ఆ తీర్పు ఉంది. తర్వాత గాలి మారింది. 1977లో ఢిల్లీ క్లాత్ మిల్స్ కేసులో, పేరు కొట్టేయడం రిట్రెంచ్‌మెంటేనని సుప్రీంకోర్టు అన్నది. సమ్మెలో ఉన్నవాడు పని వదిలేసినట్టు కాదని 1979లో చెప్పింది. 1993లో డి.కె. యాదవ్ కేసులో, స్టాండింగ్ ఆర్డరు ఏమన్నా సరే, విచారణ జరపకుండా పేరు తీయకూడదని తీర్పిచ్చి, సగం బకాయి వేతనంతో పనిలోకి తీసుకోమంది. అయితే యాజమాన్యం పనిలో చేరమని నోటీసు పంపినా పలకనివాళ్లు తర్వాత కొన్ని కేసుల్లో ఓడిపోయారు. కాబట్టి సెలవు పొడిగించాలంటే ఊరి నుంచే రాసి పంపండి. నోటీసు వస్తే ఆ వారంలోనే జవాబివ్వండి.

బలవంతంగా సంతకం తీసుకున్నారా? ఆ రోజే, మించితే మర్నాడే, "ఈ రాజీనామా నా ఇష్టంతో ఇచ్చింది కాదు, వెనక్కి తీసుకుంటున్నాను, పనికి సిద్ధంగా ఉన్నాను" అని రాసి స్పీడ్ పోస్టులో మేనేజరుకి పంపండి. ఒక నకలు లేబర్ ఆఫీసుకి, ఒకటి యూనియన్‌కి. రసీదు పారేయొద్దు. మామూలు షిఫ్టుకి గేటు దగ్గరికి వెళ్లండి. లోపలికి రానివ్వకపోతే అదీ రాసి పంపండి. ఇష్టంతో ఇచ్చిన రాజీనామానైనా అంగీకరించక ముందు మామూలుగా వెనక్కి తీసుకోవచ్చు. స్వచ్ఛంద విరమణ పథకం డబ్బు పుచ్చుకున్నాక మాత్రం మాట మార్చడం కుదరదని 2002లో బ్యాంకుల కేసులో సుప్రీంకోర్టు అన్నది. కనుక ఖాతాలో ఏ మొత్తం పడినా వెంటనే మాకు చూపించండి. కొత్త కోడ్‌లో, వివాదం పుట్టిన రెండేళ్లు దాటితే రాజీ అధికారి దాన్ని చేపట్టలేడు. "పండగయ్యాక చూద్దాం" అనుకోవద్దు.

ఆ గదిలోకి ఒక్కణ్ణే పిలుస్తారు. ఒక్కడైతేనే భయపడతాడని వాళ్లకు తెలుసు. పక్క మగ్గం వాణ్ణి ఆఫీసుకి పిలిచారని తెలిస్తే, మిగతావాళ్లు యూనియన్‌కి కబురందించండి. "ఇంట్లో చదివించుకుని రేపు చెబుతా" అనే మాట ప్రతి ఒక్కరికీ నేర్పండి. చదవని కాగితం మీద సంతకం పెట్టం అని మనమంతా ఒక్క మాట మీద నిలబడదాం.

కార్మిక ఐక్యత వర్ధిల్లాలి!