గ్రంథమునుండి తెరకు – ఫ్లెమిష్ నటుడు యాన్ డెక్లెయిర్



ఐరోపా ఖండమున బెల్జియమను చిన్న దేశము కలదు. దాని దక్షిణభాగమున ఫ్రెంచి భాషయు, ఫ్లాండర్సను ఉత్తరభాగమున డచ్చి భాషయు వాడుకలో నున్నవి. ఫ్లాండర్సు జనుల డచ్చికే ఫ్లెమిష్ అని వాడుక. ఆ భాషను మాటాడువారు సుమారు 65 లక్షలమంది మాత్రమే. పందొమ్మిదవ శతాబ్దమున వారి దేశములోనే వారి భాషకు గౌరవము లేకుండెను. న్యాయస్థానమున ఫ్రెంచి, కచ్చేరిలో ఫ్రెంచి, మిల్లు యజమాని నోట ఫ్రెంచి. శాసనములకు డచ్చి పాఠము కూడ ఫ్రెంచితో సమానముగా ప్రమాణమని అంగీకరించుట 1898లో గాని జరుగలేదు. ఇంతటి చిన్న భాషలో సినిమా తీసిన చూచువారెందరు? అయినను ఆ భాషనే నమ్ముకొని లోకమునకు తెలిసిన నటుడొకడున్నాడు.

యాన్ డెక్లెయిర్ 1946లో ఆంట్వర్ప్ నగరమునకు చేరువగా, ఇటుక బట్టీలకు పేరుపొందిన రూపెల్ నదీతీరమున, నీల్ అను ఊర జన్మించెను. ఆంట్వర్ప్‌లోని హెర్మన్ టీర్లింక్ నాటక విద్యాలయమున శిక్షణ పొందెను. నాయకునికి తగిన సుకుమార రూపము ఆయనది కాదు. భారీ విగ్రహము, గంభీరమైన కంఠము, చూచినవారిని నిలిపివేయు చూపు. ఇట్టి వారిని సినిమావారు క్యారెక్టర్ యాక్టరందురు. కథానాయకుని ప్రక్కన నిలువవలసిన వాడని దానికి సామాన్యార్థము. డెక్లెయిర్ విషయమున ఆ అర్థము చాలదు.

ఆయన ముఖ్యపాత్రలలో పెక్కు గ్రంథములనుండి పుట్టినవే. 1971లో వచ్చిన ‘మీరా’ చిత్రమునకు స్టెయిన్ స్ట్రూవెల్స్ 1927లో ప్రకటించిన నవల మూలము. తమ ఊరికి వంతెన వచ్చుటను ఎదిరించు జనుల కథ యది. చిత్రము తీసిన హామ్ గ్రామపు వంతెనను నేటికిని మీరా వంతెన యనియే పిలుతురు.

1992లో వచ్చిన ‘డాన్స్’ చిత్రమును గూర్చి కొంత విపులముగా చెప్పవలెను. లూయీ పాల్ బోన్ 1971లో వ్రాసిన నవల దీనికాధారము. ఆల్స్ట్ పట్టణపు నూలు మిల్లులలో స్త్రీలును పసిపిల్లలును యంత్రములక్రింద నలిగిపోవుచుండగా, అడాల్ఫ్ డాన్స్ అను క్రైస్తవ మతాచార్యుడు వారి పక్షమున నిలిచెను. 1894లో పార్లమెంటునకు ఎన్నికయ్యెను. ఆ కారణముననే తన మతాధికారుల ఆగ్రహమునకు గురియయ్యెను. చిత్రమున యజమానులు ఫ్రెంచిలో మాటాడుదురు. కూలీలు తమ ఊరి యాసలో మాటాడుదురు. ఆ రెంటి మధ్య నిలిచిన ఆచార్యుని డెక్లెయిర్ మహాపురుషునిగా గాక, అలసిపోవు మనిషిగా చూపెను. అతని గొప్ప యదియే. ఆ చిత్రము ఆస్కార్ బహుమానమునకు పోటీలో నిలిచినది.

ఆ దయాళువే 1997లో ‘కరక్టర్’ అను డచ్చి చిత్రమున నిర్దయుడైన డ్రేవర్‌హావన్‌గా కనబడెను. బోర్డెవైక్ 1938లో వ్రాసిన నవలకిది తెరరూపము. అతడు రోటర్‌డామ్ నగరపు కోర్టు అమీనా. బీదలను ఇండ్లనుండి వెడలగొట్టుట అతని వృత్తి. తన అక్రమ సంతానమైన కుమారుని అప్పులలో దించి, దివాలా తీయించుటకు యత్నించును. ఇది ద్వేషమా, కుమారుని గట్టిపరచు క్రూరమైన ప్రేమయా? డెక్లెయిర్ ముఖము చివరివరకు జవాబు చెప్పదు. అతడు మరణించిన పిదప ఆస్తి కుమారునికి చెందును. పత్రమున సంతకమునకు బదులు ‘తండ్రి’ యను మాట మాత్రముండును. ఆ చిత్రమునకు 1998లో ఆస్కార్ లభించెను. అంతకుముందు 1996లో అదే బహుమానము పొందిన ‘ఆంటోనియా’లో ఆయన బాస్ అను రైతు.

2003 నాటి ‘అల్జైమర్ కేసు’కు యెఫ్ గేరార్ట్స్ నవల ఆధారము. కూలికి హత్యలు చేయు ముసలి లెడ్డాకు జ్ఞాపకశక్తి నశించుచుండును; మరువకుండుటకై ముంజేతిపై వ్రాసికొనును. ఒక బాలికను చంపుమనగా ఒప్పుకొనక, తన్ను నియమించిన వారిపైననే తిరుగబడును. 2022లో హాలీవుడ్ దీనిని టెక్సాస్ కథగా మార్చి మరల తీసినది. ఆంట్వర్ప్ వీధులలో, తమ భాషలో విన్న కథ ఫ్లెమిష్ వారికి ఇంగ్లీషున తిరిగివచ్చినది.

ఇన్ని కఠిన పాత్రలు ధరించిన వానిని ఫ్లాండర్సు పిల్లలు మరియొక రీతిగా ఎరుగుదురు. ప్రతి డిసెంబరు 6వ తేదీన సెయింట్ నికొలాస్ అను సాధువు మిఠాయిలు తెచ్చునని అక్కడి పిల్లల నమ్మకము. ‘డాన్స్’ వచ్చిన 1992లోనే టెలివిజనులో ఆ సాధువుపై ధారావాహిక మొదలయ్యెను. స్పెయిను దేశపు కోటలోనున్న సాధువు కడకు ఒక యువకుడు పోయి, గుఱ్ఱము ఇంటికప్పులపై ఎట్లు నడచును, ఆ పెద్ద పుస్తకమున ఏమి వ్రాసియున్నది అని అడుగుచుండును. తెల్లని గడ్డముతో డెక్లెయిర్ ఓపికగా జవాబిచ్చును. ఆనాడు ఎనిమిదేండ్ల వయసున దానిని చూచిన బాలునికి 2003లో పందొమ్మిదేండ్లు. సినిమా హాలులో చీకటిలో కూర్చుండి, హంతకుని నోట వచ్చిన మొదటి మాటకే ఆ కంఠమును గుర్తుపట్టగల వయసది.