వార్త చదివిన గొంతు

అక్కచెల్లెళ్లారా, ఆకాశవాణిలో తెలుగు వార్తలు చదివిన తొలి మహిళ జోలెపాళెం మంగమ్మగారు. 1925లో మదనపల్లెలో పుట్టారు. ఆ రోజుల్లో పంచాయతీ రేడియో చుట్టూ చేరేది ఎక్కువగా మగవాళ్లే. ఢిల్లీ నుంచి వచ్చే లోకం కబుర్లు వాళ్లు ఒక ఆడమనిషి నోట వినాల్సి వచ్చింది. ఇదేం చిన్న సంగతి కాదు. అయితే ఢిల్లీ న్యూస్‌రీడర్ల పని ఇంగ్లీషు బులెటిన్‌ను తెలుగు చేసి చదవడం. ఏది వార్తో తేల్చేది వేరేవాళ్లు. మంగమ్మగారు చదవడంతో ఆగలేదు, పాత రికార్డులు తవ్వి అల్లూరి సీతారామరాజు చరిత్ర రాశారు. 1983లో దూరదర్శన్ తెలుగు వార్తలకు తొలి ముఖం మళ్లీ మగవారే, శాంతిస్వరూప్‌గారు. ఇవాళ తెర నిండా ఆడ యాంకర్లే. మరి మీ పర్చూరు కల్లాల్లో మిరపకాయల తొడిమలు తీసే కూలి ఎంతో ఏ బులెటిన్‌లో విన్నారు?