దామెర్ల రామారావు గారు



తాండూరు నాపరాయి త్రవ్వినవారికే దొరకును. పిల్లలలోని విద్యయు అట్టిదే. ఇందుకు చిత్రకారులు దామెర్ల రామారావు గారి జీవితమే నిదర్శనము.

వారు 1897లో రాజమహేంద్రవరమున జన్మించిరి. అచటి ప్రభుత్వ కళాశాలాధ్యక్షులు ఆస్వాల్డ్ కూల్డ్రే దొరగారు స్వయముగా చిత్రకారులు. ఆ బాలుని గీతలు చూచి ముచ్చటపడి, మెలకువలు నేర్పి, 1916లో బొంబాయి జె. జె. కళాశాలలో చదువుటకు ప్రోత్సహించిరి. అడివి బాపిరాజు గారును దొరగారి శిష్యులే.

గురువు ఆంగ్లేయుడైనను, శిష్యుడు ఆంగ్లచిత్రములను అనుకరింపలేదు. మనుష్యరూపమును ఉన్నదున్నట్లు వ్రాయు పాశ్చాత్యుల నేర్పును గ్రహించి, మన స్త్రీల సింగారమును, మన పురాణగాథలను చిత్రించిరి. 'పుష్పాలంకరణము', 'సిద్ధార్థ రాగోదయము' అట్టివి. స్వస్థలమున చిత్రకళాశాలను నెలకొల్పి, తాము నేర్చినది యువకులకు నేర్పిరి.

1925లో మశూచి సోకి, 28వ యేటనే కన్నుమూసిరి. భార్య సత్యవాణి గారు, మిత్రులు వరదా వెంకటరత్నం గారు ఆ చిత్రములను కాపాడిరి. నేటికిని అవి రాజమహేంద్రవరపు దామెర్ల చిత్రశాలలో కలవు.

గ్రంథాలయమునకు వచ్చు బాలుడు కాగితపు ముక్కపై బొమ్మ గీచుచున్నచో, కసరుటకు ముందు ఒక్కమారు దానిని చూడవలెను. కూల్డ్రే దొరగారు మొదట చేసినది అంతియే.