అడుగు నుంచి లెక్క: సి.కె. ప్రహ్లాద్ వ్యూహచింతన



పెద్ద కంపెనీలకు సలహాలు చెప్పిన సి.కె. ప్రహ్లాద్ మీద స్మారకోపన్యాసం ఎందుకని మిత్రులు కొందరు అడిగారు. ప్రహ్లాద్ గారి ఒక పుస్తకంలో ఒక అధ్యాయం మన రాష్ట్రం, అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ మీద ఆధారపడి నిలిచింది. ఆయన ఆలోచనకు అన్నిటికన్నా కఠినమైన పరీక్ష కూడా మన పల్లెల్లోనే జరిగింది. మనం మాట్లాడకపోతే ఇంకెవరు మాట్లాడతారు?

ఆయన 1941లో కోయంబత్తూరులో పుట్టారు. మద్రాసు లయోలా కళాశాలలో భౌతికశాస్త్రం చదివి, పంతొమ్మిదేళ్లకే యూనియన్ కార్బైడ్ బ్యాటరీల ఫ్యాక్టరీలో చేరారు. అక్కడి కార్మికుల దగ్గర తాను చాలా నేర్చుకున్నానని తర్వాతి రోజుల్లో చెప్పుకునేవారు. అహ్మదాబాద్ ఐఐఎంలో తొలి విద్యార్థుల్లో ఒకరు. 1975లో హార్వర్డ్ డాక్టరేటు అందుకున్నారు. కొంతకాలం అహ్మదాబాద్‌లో పాఠాలు చెప్పి, మిషిగన్ విశ్వవిద్యాలయానికి వెళ్లారు.

ఆయన పేరు లోకానికి తెలిసింది 1990లో. గ్యారీ హామెల్‌తో కలిసి హార్వర్డ్ బిజినెస్ రివ్యూలో ‘కోర్ కాంపిటెన్స్’ మీద వ్యాసం రాశారు. అందులో సంస్థను చెట్టుతో పోల్చారు. ఆకులు, పండ్లు బజారుకొచ్చే సరుకులు. కొమ్మలు వ్యాపార విభాగాలు. మాను ఆ సరుకుల్లో ఇమిడే కీలక భాగాలు. వేళ్లు ఆ సంస్థకు బాగా చేతనైన పని. పోటీదారు ఆకులు లెక్కపెట్టి మోసపోతాడని వాళ్ల హెచ్చరిక. 1980లో అమెరికా కంపెనీ జీటీఈ అమ్మకాలు దాదాపు 1000 కోట్ల డాలర్లు, జపాన్ కంపెనీ ఎన్ఈసీవి 380 కోట్లు. 1988 నాటికి ఎన్ఈసీ దాదాపు 2190 కోట్లకు చేరింది, జీటీఈ 1650 కోట్ల దగ్గరే ఉంది. ఎన్ఈసీ కంప్యూటర్లనూ కమ్యూనికేషన్లనూ ఒకే విద్యగా చూసి సెమీకండక్టర్ల మీద పట్టు సాధించింది. జీటీఈ మాత్రం విడివిడి వ్యాపారాల మూటగానే మిగిలింది. ఇవాళ ఏ కంపెనీ నివేదిక తిరగేసినా ‘కోర్ కాంపిటెన్స్’ అన్న మాట కనిపిస్తుంది. ఎక్కువచోట్ల అది అలంకారం. ప్రహ్లాద్‌కు అది నిలదీసే ప్రశ్న: మీకు నిజంగా ఏం చేతనవును?

ఆ ప్రశ్న పట్టుకునే ఆయన పెద్ద సంస్థల గడపలు తొక్కారు. నష్టాల్లో మునిగిన ఫిలిప్స్‌ను నిలబెట్టడానికి 1990లో మొదలైన ‘సెంచూరియన్’ కార్యక్రమానికి ఆయన సలహాదారు. ఆ క్రమంలో వేల మంది ఉద్యోగాలు పోయాయి. ఆ సంగతి దాచి ఆయన్ని పొగడడం నాకు చేతకాదు.

నా దృష్టిలో ఆయన జీవితంలో గొప్ప మలుపు అరవై దాటాక వచ్చింది. 2004లో వెలువడిన ‘ది ఫార్చ్యూన్ ఎట్ ది బాటమ్ ఆఫ్ ది పిరమిడ్’ లోకంలోని 400 కోట్ల పేదలను దయకు పాత్రులుగా కాక కొనుగోలుదారులుగా చూడమంది. ఆ పుస్తకంలో నన్ను కదిలించినది ముంబైలో మురికివాడ ధారావి ఖర్చునూ సంపన్నుల వార్డెన్ రోడ్ ఖర్చునూ పక్కపక్కన పెట్టిన ఒక చిన్న పట్టిక. ధారావి మనిషి నీటికి 37 రెట్లు ఎక్కువ కడుతున్నాడు. అప్పు మీద వార్డెన్ రోడ్‌లో వడ్డీ 12 నుంచి 18 శాతం, ధారావిలో 600 నుంచి 1000 శాతం. పేదవాడు తక్కువ ఖర్చుతో బతుకుతాడన్న మన నమ్మకాన్ని ఆ పట్టిక కూల్చేసింది. ఇది కొనేవాడి ఇంటి నుంచి కట్టిన లెక్క. డాక్టర్ వెంకటస్వామి మదురైలో 1976లో పదకొండు పడకలతో మొదలుపెట్టిన అరవింద్ కంటి ఆసుపత్రిని ప్రహ్లాద్ ఉదాహరణగా చూపింది అందుకే. రోగి ఎంత ఇవ్వగలడో ముందు చూసి, ఆపరేషన్ ఖర్చును అందులో ఇమిడ్చారు. డబ్బు కట్టేవాళ్లు కట్టని వాళ్లను మోశారు.

ఆ పుస్తకంలో మన రాష్ట్రం గురించిన అధ్యాయానికి వచ్చేసరికి ఆ లెక్క తడబడింది. ఈ-సేవ కేంద్రాలను, రిజిస్ట్రేషన్ ఆఫీసుల్లో వచ్చిన ‘కార్డ్’ కంప్యూటర్లను చూపి, లావాదేవీ పారదర్శకమైతే లంచం తగ్గుతుందన్నారు. ఈ-సేవలో కరెంటు బిల్లు కట్టిన వాళ్లందరికీ ఆ సుఖం తెలుసు. కానీ కార్డ్ వచ్చాకా రిజిస్ట్రేషన్ ఆఫీసులో మామూళ్లు ఆగలేదని 2004లోనే ఎకనమిక్ అండ్ పొలిటికల్ వీక్లీలో ఒక పరిశోధన వ్యాసం వచ్చింది. ప్రహ్లాద్ వ్యవస్థను కట్టినవాళ్ల మాట ఎక్కువ విన్నారు, దస్తావేజు పట్టుకుని నిలబడ్డవాళ్ల మాట తక్కువ విన్నారు.

2010 ఏప్రిల్‌లో ఆయన కన్నుమూశారు. ఆ ఆగస్టులో మన రాష్ట్రంలో పుట్టిన ఒక సూక్ష్మరుణ సంస్థ షేర్ మార్కెట్లో అడుగుపెట్టింది. అక్టోబరులో ప్రభుత్వం సూక్ష్మరుణ సంస్థలను కట్టడి చేస్తూ ఆర్డినెన్స్ తెచ్చింది. అప్పటికే ఒకే ఇంటికి మూడు నాలుగు కంపెనీలు అప్పులిచ్చాయి, వారం వారం కిస్తీకి గుమ్మంలో కూర్చున్నాయి, అవమానాలు భరించలేక అప్పు తీసుకున్నవాళ్లు కొందరు ప్రాణాలు తీసుకున్నారన్న వార్తలు వచ్చాయి. పేదలు అప్పులు బాధ్యతగా తీరుస్తారన్న ప్రహ్లాద్ మాట నిజమే. ఆ కంపెనీలవాళ్లు ఆ మాటనే పెట్టుబడిదారులకు చూపించి డబ్బు తెచ్చారు. ఆ ఇంటి ఆదాయం ఎన్ని కిస్తీలు మోయగలదో మాత్రం లెక్క వేయలేదు. ధర ముందు, ఖర్చు తర్వాత అన్న ఆయన క్రమాన్ని తలకిందులు చేసి, ఆయన పేరే చెప్పుకున్నారు.

మిషిగన్‌లోనే ఆయన సహాధ్యాపకుడు అనీల్ కర్ణానీ గట్టిగా విభేదించారు. పేదలకు అమ్మడం కన్నా, పేదలు ఉత్పత్తి చేసేది కొని వాళ్ల ఆదాయం పెంచడం ముఖ్యమన్నారు. ఆ మాట వైపే నేనూ మొగ్గుతాను. అయితే పేదవాడి ఇంటి ఖర్చును వ్యూహశాస్త్రం బల్ల మీదికి తెచ్చి పరిచినవాడు ప్రహ్లాద్. ఆ పట్టిక లేకుంటే కర్ణానీకి వాదించడానికి బల్లే ఉండేది కాదు.

నిర్వాహకులకు ఒక విన్నపం. వచ్చే ఏడాది ఈ వేదిక మీదికి ప్రొఫెసరును పిలవకండి. 2010లో కిస్తీలు కట్టిన ఒక డ్వాక్రా సంఘం నాయకురాలిని పిలవండి. ఎవరి దగ్గర ఎంత తీసుకుందో, ఎంత కట్టిందో, దానికోసం ఇంట్లో ఏం అమ్మిందో ఆమె తన మాటల్లోనే చెప్పనివ్వండి. ఆ లెక్కను పుస్తకంగా అచ్చు వేయండి.