సర్ కూర్మా వెంకటరెడ్డి నాయుడు: వకాల్తా, అధికారం

అల్ దోహా అల్ జదీదాలో సమావేశమైన ఈ సాహిత్య సభ, న్యాయవాద వృత్తి నుంచి సామ్రాజ్య ప్రభుత్వపు ఉన్నత పదవులకు చేరిన సర్ కూర్మా వెంకటరెడ్డి నాయుడు జీవితాన్ని పరిశీలనకు స్వీకరించడం సముచితం. 1916 ఒప్పందంతో బ్రిటిష్ రక్షణలోకి వచ్చిన ఖతర్ వ్యవహారాలను 1947 వరకు గల్ఫ్‌లోని రెసిడెంటు అనే బ్రిటిష్ ప్రతినిధి ద్వారా భారత ప్రభుత్వమే చూసేది గనుక, నాయుడు కొలువు చేసిన ప్రభుత్వానికీ ఈ నేలకూ సంబంధం ఉంది. అంతకు మించి, పరదేశంలో బ్రతికే తెలుగువారి తరఫున మాట్లాడవలసినది ఎవరన్న ప్రశ్న ఆయన జీవితంలో ప్రధానమైనది.

1875లో రాజమహేంద్రవరంలో జన్మించిన నాయుడు న్యాయవాదిగా స్థిరపడి, జస్టిస్ పార్టీలో చేరి, 1919లో లండన్ వెళ్లి పార్లమెంటు సంయుక్త సంఘం ఎదుట బ్రాహ్మణేతరుల పక్షాన వాదించారు. 1920 డిసెంబరులో మద్రాసు అభివృద్ధి శాఖ మంత్రి అయ్యారు. అప్పటిది ద్వంద్వ ప్రభుత్వం. అంటే విద్య, వ్యవసాయం, పరిశ్రమల వంటి శాఖలు మంత్రులకు దక్కగా, ఆర్థిక, పోలీసు శాఖలు గవర్నరు కార్యనిర్వాహక సభ్యుల చేతిలోనే ఉండిపోయిన ఏర్పాటు. పథకం మంత్రిది, ఖజానా మరొకరిది అయిన ఆ ఇరుకులో మంత్రి కూడా తన శాఖ కోసం వాదించుకోవలసిన వకీలే.

1929 నుంచి 1932 వరకు ఆయన దక్షిణాఫ్రికాలో భారత ప్రభుత్వ ఏజెంటుగా పనిచేశారు. 1927 కేప్‌టౌన్ ఒప్పందం వల్ల ఏర్పడిన ఈ పదవిని మొదట వి.ఎస్. శ్రీనివాస శాస్త్రి నిర్వహించారు. 1860 నుంచి ఒప్పంద కూలీలుగా, అంటే నిర్ణీత కాలం పనికి కట్టుబడి, నేటాలు చెరకు తోటలకు వెళ్లినవారిలో తెలుగువారూ ఉన్నారు. వారి సంతతి 1931లో ఆంధ్ర మహాసభను స్థాపించుకున్నది నాయుడు ఏజెంటుగా ఉన్న కాలంలోనే. అయితే ఏజెంటు విన్నవించగలడే గాని ఆజ్ఞాపించలేడు. ట్రాన్స్‌వాల్‌లో ఆసియావాసుల భూమి హక్కులను కట్టడి చేసే చట్టం 1932లో వచ్చి తీరింది.

తరువాత ఆయన మద్రాసు గవర్నరు కార్యనిర్వాహక మండలిలో సభ్యులై, 1936లో కొన్ని నెలలు తాత్కాలిక గవర్నరుగానూ వ్యవహరించారు. 1937 ఎన్నికల్లో శాసనసభలోని 215 స్థానాల్లో 159 గెలిచిన కాంగ్రెసు, గవర్నరు ప్రత్యేకాధికారాలపై హామీ కోరుతూ ప్రభుత్వం ఏర్పాటు చేయకపోగా, ఏప్రిల్ 1న నాయుడు మద్రాసు ప్రధానమంత్రి (నేటి ముఖ్యమంత్రి వంటి పదవి) అయి, జూలై 14న సి. రాజగోపాలాచారికి స్థానం విడిచారు.

సామ్రాజ్యం ఇచ్చిన పదవి ఎంత పెద్దదైనా ప్రజల వకాల్తా లేనిదే నిలవదని ఆ నూరు రోజుల చరిత్ర నిరూపించింది. ఆ తీర్పును అంగీకరిస్తూనే, ప్రవాసుల పక్షాన ఆయన చేసిన వాదానికి తెలుగు సాహిత్య చరిత్రలో చోటివ్వడం న్యాయం. ఏజెంట్ల వార్షిక నివేదికలను తెలుగులోకి తెచ్చే పనిని, గల్ఫ్ తెలుగువారి అర్జీలను, ఉత్తరాలను భద్రపరిచే పనిని ఖతర్‌లోని తెలుగు రచయితలు కలిసి చేపట్టాలని ఈ అధ్యక్షపీఠం కోరుతున్నది.