తేనెటీగ త్రోవ యెట్లు తెలిసికొనును?



35 ఏండ్లు బడిలో పిల్లలకు పాఠములు చెప్పి విరమించినవాడను. విరమించిన పిమ్మట నాకు పాఠము చెప్పినవి తేనెటీగలు. ఆ పాఠమునకు వెల వాని ప్రాణములే యగుటచేత దానిని నాలో దాచుకొనుట న్యాయము కాదు.

మా నివాసము సికిందరాబాదు చెంత యాప్రాలు. ఒకప్పుడు పల్లె, నేడు నగరమున కలిసినది. మా పెరటి మామిడిక్రింద తొర్రతేనెటీగల పెట్టె యొకటి యుండెను. మార్గశిర మాసమున, ఎండ తగులునని తలచి, పట్టపగలు దానిని 20 గజముల యవతలనున్న గోడకడకు జరిపితిని. సాయంకాలము మేతనుండి మరలిన యీగలు పాతచోటనే సుడులు తిరిగినవి. చీకటిపడగా వట్టినేలపై ముద్దగట్టినవి. తెల్లవారుసరికి చలికి గుప్పెళ్ళకొలది చచ్చి పడియుండెను. మా యింటావిడ చూచి, "అవి తమ యింటికే వచ్చినవండీ, ఇల్లే అక్కడ లేదు" అన్నది.

ఆ మాటకు నాకు నోట మాట రాలేదు. అప్పటినుండి ఈ విషయమై చదువ మొదలిడితిని.

తేనెటీగ మొదటిసారి వెలువడునప్పుడు తిన్నగా పోదు. వెనుదిరిగి, ద్వారమునకు ముఖమై, అటునిటు చాపములుగా ఎగురుచు చుట్టునున్న చెట్టును, గోడను, రాతిని గుర్తుపెట్టుకొనును. అది గుర్తుంచుకొనునది పెట్టెను గాదు, చోటును. నేలలో గూడు త్రవ్వు కందిరీగయు నట్టిదే. హాలండు దేశమున టిన్బర్గెన్ పండితుడు అట్టి గూటిచుట్టు దేవదారుకాయలు వలయముగా పేర్చి, కందిరీగ పోయిన పిమ్మట ఆ వలయమును ప్రక్కకు జరిపెను. మరలివచ్చిన కందిరీగ గూటిని విడిచి వలయము నడుమనే వెదకెను. ఈ పరిశోధన 1932లో ప్రకటితమైనది.

ఇక దూరపు త్రోవకు సూర్యుడే దిక్సూచి. సూర్యుడు కదలుచుండును గదా యందురేమో. ఈగకు కాలజ్ఞానము కలదు. గడచిన కాలమునకు తగినట్లు దిక్కును సవరించుకొనును. మబ్బు సూర్యుని కప్పినను, కొంచెము నీలాకాశము కనబడిన చాలు, ఆ వెలుగు తీరునుబట్టి దిక్కు నెరుగును.

పూలతోట కనుగొన్న యీగ చీకటిపట్టుపై నృత్యము చేసి తోడివారికి త్రోవ చెప్పును. నిలువుగా పైకి నడచిన "సూర్యుని వైపు" అని యర్థము. తోట సూర్యునికి 40 భాగల కుడిగా నున్నచో, నిలువునకు 40 భాగల కుడిగా నడచును. నడుము నాడించుచు నడచు కాలము దూరమును తెలుపును. ఆ పూల పరిమళము మేనికంటి యుండును గనుక, చేరువకు పోయిన పిమ్మట వాసనయే దారి చూపును. ఈ భాషను చదివిన కార్ల్ ఫాన్ ఫ్రిష్ పండితునకు 1973లో నోబెల్ బహుమానము లభించినది.

దూరమును కొలుచుట యెట్లు? మన దేశమున పుట్టి ఆస్ట్రేలియాలో పనిచేసిన మాండ్యం శ్రీనివాసన్‌గారును వారి తోడివారును లోపల చిత్రించిన యిరుకు గొట్టములో ఈగలను పోనిచ్చిరి. గొట్టము కొన్ని గజములే. ఈగలు నృత్యములో చెప్పినది వంద గజములకు మించిన దూరము. కన్నుల ప్రక్కగా దృశ్యములు జరిగిపోవుటనుబట్టి అవి దూరము నెంచునని 2000లో ప్రకటించిరి. బండిలో పోవువాడు ప్రక్కచెట్లనుబట్టి దూరము తలపోసినట్లే.

పెద్దలారా, గుమ్మడి, బీర, సొర తీగలకు ఆడపూవు వేరు, మగపూవు వేరు. పుప్పొడి మోయువారు దారి తప్పిన కాయ లేదు. కావున నా మనవి మూడు మాటలు. పెట్టెను జరుపవలసినచో దినమునకు మూరెడుకు మించక జరుపుడు. లేదా రాత్రి ద్వారము మూసి మూడు మైళ్ళకు పైబడి కొనిపోండు. పూచిన పైరుపై మందు ఉదయమున చల్లకుడు. ఈగలు ఇల్లు చేరిన పిమ్మట సాయంకాలమున చల్లుడు. చెట్టుపై పెద్దతేనెపట్టును దివిటీలతో కాల్పకుడు. ఆ యీగలు వలసపోయినను ఏటేట ఆ చెట్టునకే మరలివచ్చుట కలదు.

మా మామిడిక్రింద ఆ చోటు నేటికిని ఖాళీగనే యుంచితిని. ఇకమీదట పెట్టె తెచ్చినచో అక్కడనే పెట్టుదును, మరి కదపను.