సంతకం నాది కాదంటే రుజువు చేయాల్సింది ఎవరు?



మన ఊళ్లలో చేబదులు దాటి కాస్త పెద్ద అప్పు కావాలంటే ఇప్పటికీ ముందు బయటికొచ్చేది ప్రామిసరీ నోటే. రెవెన్యూ స్టాంపు అంటించి, దాని మీదుగా సంతకం పెట్టించుకుంటారు. అంకె రాయాల్సిన చోటు, తేదీ వేయాల్సిన చోటు చాలాసార్లు ఖాళీగానే ఉంటాయి. మూడేళ్లు దాటితే దావాకు కాలదోషం పడుతుంది కాబట్టి, గడువు దగ్గరపడేసరికి లాయరు నోటీసు వస్తుంది. నోటీసు పట్టుకుని తన లాయరు దగ్గరికి పరుగెత్తిన మనిషి చెప్పే మాటలు సాధారణంగా రెండు రకాలు. ఒకాయన “ఆ సంతకం నాది కాదండీ” అంటాడు. ఇంకొకాయన “సంతకం నాదేనండీ, డబ్బు మాత్రం నా చేతికి రాలేదు” అంటాడు.

బయటివాళ్లకు రెండూ ఒకేలా వినిపిస్తాయి. కోర్టులో వాటి దారులు పూర్తిగా వేరు. మొదటి మాట అంటే, ఆ సంతకం ప్రతివాదిదేనని చూపించాల్సిన బాధ్యత దావా వేసినవాడిది. నోటు రాసినవాణ్ని, పక్కన సాక్షి సంతకం చేసినవాణ్ని బోనెక్కించాలి. లేదంటే చేతిరాత నిపుణుడికి పంపించాలి. ఒప్పుకున్న పాత సంతకంతో పోల్చి చూసే అధికారం జడ్జిగారికి కూడా ఉంది. రెండో మాట అంటే బరువు ఇటు మారుతుంది. 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 118వ సెక్షన్ ప్రకారం, సంతకం తేలాక ఆ నోటుకు ప్రతిఫలం ముట్టిందనే కోర్టు అనుకోవాలి. ముట్టలేదని చూపించుకోవాల్సింది సంతకం పెట్టినవాడు.

ఇలా చట్టం కోర్టు చేత ముందుగానే ఒక విషయాన్ని నిజమని అనుకునేలా చేయడాన్ని లాయర్లు ప్రిజంప్షన్ అంటారు. అది తీర్పు కాదు. వాదన ఎక్కడ మొదలవుతుందో, మొదట నోరు విప్పాల్సింది ఎవరో చెబుతుంది, అంతే. ఆ భారాన్ని ఎంత రుజువుతో దించుకోవచ్చు అన్న ప్రశ్నకు మన హైకోర్టే మంచి సమాధానం ఇచ్చింది. ప్రామిసరీ నోటు తగాదా ఒకటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఫుల్ బెంచ్ ముందుకు వెళ్లింది. ఆ తీర్పు 1987 లా రిపోర్టుల్లో ఉంది. ప్రతివాది డబ్బు ముట్టలేదని తిరుగులేకుండా రుజువు చేయనక్కర్లేదు, ముట్టి ఉండకపోవడమే ఎక్కువ సంభవమని చూపిస్తే చాలు, అందుకు అవతలివాడి సాక్ష్యంలోని లొసుగులనే వాడుకోవచ్చు, అప్పుడు బరువు మళ్లీ దావాదారు మీదికే పోతుంది అని తేల్చింది. 1999లో సుప్రీంకోర్టు చెప్పింది కూడా ఇదే దారిలో. చెక్కుల విషయంలో మాత్రం జాగ్రత్త ఇంకా ఎక్కువ కావాలి. ఇష్టపూర్వకంగా సంతకం చేసి ఇచ్చిన ఖాళీ చెక్కులో మిగతా వివరాలు వేరేవాళ్లు నింపినా అదే 1881 చట్టం 139వ సెక్షన్ ప్రిజంప్షన్ వర్తిస్తుందని 2019లో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది.

ప్రిజంప్షన్ల ఏర్పాటు మనకు 1872 సెప్టెంబరు 1 నుంచి ఉంది. జేమ్స్ ఫిట్జ్‌జేమ్స్ స్టీఫెన్ రాసిన సాక్ష్య చట్టం ఆ రోజు అమల్లోకి వచ్చింది. దాని స్థానంలో 2024 జూలై 1న భారతీయ సాక్ష్య అధినియమ్ వచ్చినా, ప్రిజంప్షన్ల మూడు మెట్లు అలాగే మిగిలాయి. మొదటి మెట్టు మీద కోర్టు అనుకోవచ్చు, అనుకోకపోవచ్చు; అది జడ్జి విచక్షణ. రెండో మెట్టు మీద అనుకుని తీరాలి, కానీ కాదని రుజువు చేసే అవకాశం ఎదుటివాడికి ఉంటుంది. మూడో మెట్టు మీద చట్టం తలుపు మూసేస్తుంది, ఇక ఎదురు సాక్ష్యమే వినరు. తహసీల్దారు ఆఫీసు నుంచో రిజిస్ట్రారు ఆఫీసు నుంచో తీసుకున్న సర్టిఫైడ్ నకలు, ప్రభుత్వ గెజిట్, నోటరీ ముందు రాసిన పవరాఫ్ అటార్నీ రెండో మెట్టువి.

మొదటి మెట్టు మీద ఉన్నవాటిలో పల్లెటూళ్లకు బాగా పనికొచ్చేది ముప్ఫై ఏళ్లు దాటిన దస్తావేజు. తాత 1960ల్లో కొన్న పొలం కాగితం మనవడు కోర్టుకు తెస్తాడు. రాసినవాడు లేడు, సాక్షులు లేరు, సంతకం గుర్తుపట్టేవాళ్లూ పోయారు. వాళ్లను ఎక్కడినుంచి తేవాలి? అందుకే పాత చట్టంలో 90వ సెక్షన్, కొత్త చట్టంలో 92వ సెక్షన్ ఆ సంతకం, ఆ చేతిరాత, ఆ సాక్షి సంతకాలు నిజమైనవేనని కోర్టు అనుకోవచ్చు అంటాయి. ముప్ఫై ఏళ్లు లెక్కపెట్టేది దావా వేసిన రోజు నుంచి కాదు, కాగితాన్ని సాక్ష్యంగా పెట్టిన రోజు నుంచి వెనక్కి.

అయితే ఈ వెసులుబాటుకు నాలుగు వైపులా కంచె ఉంది, చాలామంది దావాలు ఆ కంచె దగ్గరే ఆగిపోతాయి. కాగితం ఉండవలసినవాళ్ల దగ్గర ఉండి బయటికి రావాలి. కొన్నవాడి ఇంటి ట్రంకుపెట్టెలోంచి వస్తే అనుమానం లేదు, సంబంధం లేని మూడో మనిషి దగ్గర హఠాత్తుగా కనిపిస్తే జడ్జి కారణం అడుగుతారు. అసలు దస్తావేజే కావాలి. జిరాక్సు ముప్ఫై ఏళ్లది అయినా ఈ సెక్షన్ కిందికి రాదు. వీలునామాకు ఇది చాలదు; ఎంత పాతదైనా దాన్ని రుజువు చేయాల్సిన పద్ధతిలోనే రుజువు చేయాలని సుప్రీంకోర్టు 2009లో చెప్పింది. ఇక నాలుగోది అన్నిటికన్నా ముఖ్యం. సంతకం నిజమని అనుకున్నంత మాత్రాన కాగితంలో రాసిందంతా నిజమైపోదు. అమ్మినవాడు నిజంగానే సంతకం పెట్టి ఉండవచ్చు. ఆ పొలం అమ్మే హక్కు అతనికి ఉందా అన్నది వేరే ప్రశ్న. పట్టాదారు పాసు పుస్తకాల 1971 నాటి చట్టంలో కూడా ఇలాంటి హద్దే ఉంది. హక్కుల రికార్డులో నమోదు తప్పని రుజువయ్యే వరకే దాన్ని నిజమనుకోవాలని ఆరో సెక్షన్ అంటుంది. పాసు పుస్తకం చేతిలో ఉంది కదా అని సివిల్ కోర్టులో నిశ్చింతగా కూర్చున్న రైతుకు ఈ “వరకే” అన్న మాట ముందే ఎవరైనా చెప్పి ఉంటే బాగుండేది.

ఇప్పుడు కాగితం వదిలి తెర మీదికి వద్దాం.

2000 అక్టోబరు 17న సమాచార సాంకేతిక చట్టం అమల్లోకి వచ్చాక కంప్యూటరులో పెట్టే సంతకానికి కూడా చట్టం గుర్తింపు దొరికింది. డిజిటల్ సంతకం అంటే సిరా సంతకం ఫోటో తీసి ఫైలులో అతికించడం కాదు. ఆ అతికించిన బొమ్మకు చట్టం దృష్టిలో ఈ హోదా లేదు. ఫైలులోని ప్రతి అక్షరాన్నీ లెక్కలోకి తీసుకుని కంప్యూటరు ఒక చిన్న అంకెల వరుస తయారుచేస్తుంది, దాన్ని హాష్ అంటారు. ఫైలులో ఒక్క కామా మారినా హాష్ మొత్తం మారిపోతుంది. ఆ హాష్‌ను సంతకందారు దగ్గరున్న రహస్య కీతో ముడివేయడమే సంతకం. ఆ కీకి జోడీగా ఉండే బహిరంగ కీతో ఎవరైనా సరిచూసుకోవచ్చు. ఆ జోడీ ఫలానా మనిషిదేనని పూచీ పడే సంస్థలకు కేంద్రంలోని కంట్రోలర్ లైసెన్సు ఇస్తారు. బ్యాంకుల కోసం మొదట్లోనే అలాంటి లైసెన్సు పొందినవాటిలో మన హైదరాబాదులోని ఐడీఆర్‌బీటీ ఒకటి.

ఇక్కడే చట్టం పెద్ద మలుపు తిరుగుతుంది. సిరా సంతకం నాది కాదంటే రుజువు భారం ఎదుటివాడిదని ఇందాక చూశాం. మామూలు ఎలక్ట్రానిక్ సంతకానికీ అంతే, కొత్త చట్టం 66వ సెక్షన్ ప్రకారం అది ఫలానా వాడిదేనని రుజువు చేయాలి. కానీ సంతకం “సురక్షిత” కోవలోకి వచ్చిందంటే 86వ సెక్షన్ అందుకుంటుంది. సంతకందారే, ఆ పత్రాన్ని ఒప్పుకునే ఉద్దేశంతోనే దాన్ని పెట్టాడని కోర్టు అనుకుని తీరాలి. కాదంటే రుజువు చేసుకోవాల్సింది ఆయనే. సిరా సంతకానికి లేని బలం దీనికి ఉంది. వయసు విషయంలోనూ అంతే. కాగితానికి ముప్ఫై ఏళ్లు నిండాలి. ఎలక్ట్రానిక్ రికార్డుకు ఐదేళ్లు నిండితే చాలు, 93వ సెక్షన్ కింద సంతకం సరైనదేనని కోర్టు అనుకోవచ్చు.

మరి ఈ సంతకాన్ని మనం ఎంత భద్రంగా చూసుకుంటున్నాం? చిన్న కంపెనీల డైరెక్టర్లు, కాంట్రాక్టర్లు, దుకాణదారులు చాలామంది తమ యూఎస్‌బీ టోకెన్‌ను ఆడిటరు ఆఫీసు సొరుగులో వదిలేస్తారు. పాస్‌వర్డ్ కాగితం ముక్క మీద రాసి టోకెన్‌కే చుట్టి ఉంటుంది. అది సంతకం చేసిన ఖాళీ చెక్కుల పుస్తకాన్ని ఇచ్చిరావడమే. సురక్షిత కోవలోకి రావాలంటే సంతకం వేళ కీ సంతకందారు ఒక్కడి చేతిలోనే ఉండాలని సమాచార సాంకేతిక చట్టం అంటుంది నిజమే. ఆ కారణం చూపి తప్పించుకోవచ్చని ఎవరికైనా అనిపించవచ్చు. అయితే అదే చట్టం 42వ సెక్షన్ కీని జాగ్రత్తగా ఉంచుకోవడం సంతకందారు విధి అని చెబుతుంది. కీ వేరేవాళ్ల చేతిలో పడితే వెంటనే సర్టిఫికెట్ ఇచ్చిన సంస్థకు తెలపాలి. తెలిపేవరకు బాధ్యత అతనిదే. ఆధార్‌తో చేసే ఈ-సైన్‌లో టోకెన్ కూడా ఉండదు. ఓటీపీ కొట్టగానే ఆ ఒక్క సంతకం కోసమే కీ పుట్టి, పని కాగానే చెరిగిపోతుంది. ఓటీపీ చెప్పేస్తే సంతకం చేసేసినట్టే.

2011లో మీసేవ వచ్చాక డిజిటల్ సంతకం ఉన్న పత్రాలు ప్రతి ఇంటికీ చేరాయి. సంతకం ఉండేది ఫైలులో. ప్రింటు మీద కనిపించే పేరు, తేదీ, టిక్కు గుర్తు కేవలం ఆనవాళ్లు. అందుకే ప్రింటుతో పాటు ఫైలునూ దాచుకోవాలి, ధ్రువీకరణ నంబరుతో సరిచూసుకోవాలి. వీలునామాను, ట్రస్టు దస్తావేజును మాత్రం నేటికీ ఎలక్ట్రానిక్ సంతకంతో రాయడం కుదరదు. అవి సమాచార సాంకేతిక చట్టం పరిధికి బయట ఉన్నాయి.

ఈమెయిలు సంగతి ఇంకోలా ఉంటుంది. పంపిన సందేశం, అందిన సందేశం ఒకటేనని కోర్టు అనుకోవచ్చు గానీ, ఎవరు పంపారన్న దాని మీద ఏమీ అనుకోకూడదని కొత్త చట్టం 90వ సెక్షన్ గట్టిగా చెబుతుంది. పాత చట్టం టెలిగ్రాముకు పెట్టిన హద్దు కూడా ఇదే. 2013 జూలైలో టెలిగ్రాము సేవ ఆగిపోయింది, కొత్త చట్టంలో ఆ సెక్షన్ లేదు, కానీ ఆ జాగ్రత్త మాత్రం మిగిలింది. ఇక వాట్సాప్ సంభాషణ ప్రింటు, సీసీ కెమెరా దృశ్యం, కాల్ రికార్డింగ్ నకలు కోర్టులో పెట్టాలంటే కొత్త చట్టం 63వ సెక్షన్ (పాత చట్టంలో 65బి) సర్టిఫికెట్ కావాలి. పరికరం సరిగ్గా పనిచేసిందని సమర్పించేవాడు ఒక భాగంలో, నిపుణుడు రెండో భాగంలో సంతకం చేయాలి, హాష్ విలువ కూడా రాయాలి. కేరళలోని ఎరనాడు అసెంబ్లీ ఎన్నిక మీద వేసిన పిటిషన్‌లో ప్రచార పాటలు, ప్రసంగాలు సీడీల్లోకి ఎక్కించి తెచ్చారు. సర్టిఫికెట్ లేదు. 2014లో సుప్రీంకోర్టు ఆ సీడీలను పక్కన పెట్టేసింది. మహారాష్ట్రలోని జాల్నా ఎన్నిక కేసులో అధికారులు ఎన్నిసార్లు అడిగినా సర్టిఫికెట్ ఇవ్వలేదు. సర్టిఫికెట్ తప్పనిసరే గానీ, చేయగలిగినదంతా చేసినా అవతలివాళ్లు ఇవ్వకపోతే ఆ లోపాన్ని పార్టీ మీద రుద్దకూడదని 2020లో అదే కోర్టు అంది.

ఈ సర్టిఫికెట్ ఎందుకింత తలనొప్పి అని లాయర్లే విసుక్కుంటారు. ఆ విసుగుకు జవాబు కావాలంటే బ్రిటన్‌లో ఏం జరిగిందో చూడాలి. మన పాత 65బి సెక్షన్‌కు నమూనా 1968 నాటి బ్రిటిష్ చట్టం. దాన్ని వాళ్లు 1995లో తీసేశారు. క్రిమినల్ కేసుల్లో కంప్యూటరు సరిగ్గా పనిచేసిందని చూపించాలన్న నిబంధన కూడా 1999 చట్టంతో పోయింది. ఇక యంత్రం సరిగ్గానే పనిచేసిందని కోర్టు ముందే అనుకోవడం మొదలైంది. సరిగ్గా ఆ రోజుల్లోనే అక్కడి పోస్టాఫీసులకు హొరైజన్ అనే లెక్కల సాఫ్ట్‌వేర్ వచ్చింది. దానిలో తప్పులున్నాయి. పెట్టెలో లేని లోటు తెర మీద కనిపించేది. కంప్యూటరు తప్పు చేసిందని చూపించే సాధనం చిన్న ఊరి సబ్ పోస్ట్‌మాస్టరు దగ్గర ఎక్కడుంటుంది? 1999 నుంచి 2015 లోపు 900 మందికి పైగా దొంగతనం, తప్పుడు లెక్కల నేరాల కింద శిక్షలు పడ్డాయి. కొందరు జైలుకెళ్లారు, కొందరు ఇల్లమ్ముకుని లేని లోటు కట్టారు. 2019 డిసెంబరులో హైకోర్టు సాఫ్ట్‌వేర్ లోపాలను నిర్ధారించింది. 2021 ఏప్రిల్‌లో అప్పీలు కోర్టు ఒకే రోజు 39 మంది శిక్షలు రద్దు చేసింది. మిగతావాళ్ల కోసం 2024లో పార్లమెంటే ఒక చట్టం చేయాల్సి వచ్చింది. రుజువు భారాన్ని మోయలేనివాడి మీద పెడితే ఏమవుతుందో చెప్పడానికి ఇంతకు మించిన ఉదాహరణ లేదు. మన సర్టిఫికెట్ యంత్రాన్ని తప్పుల్లేనిదిగా చేయదు. కానీ అది సరిగ్గా పనిచేసిందని ఒక మనిషి పేరుతో సంతకం పెట్టాలి, ఆ మనిషిని బోనెక్కించి అడగవచ్చు. ఆ మాత్రం రక్షణ వదులుకోకూడదు.

మార్చాల్సింది మరొకటి ఉంది. సర్టిఫికెట్ రెండో భాగం మీద సంతకం పెట్టే నిపుణుడు చిన్న పట్టణంలో అద్దె బకాయి కోసమో జీతం కోసమో పోరాడే మనిషికి అందుబాటులో ఉండాలి. ప్రతి జిల్లా కోర్టు ప్రాంగణంలో నామమాత్రపు రుసుముతో అలాంటి సేవ పెట్టమని ప్రభుత్వాన్ని అడగాలి. ఈ పట్టణ బార్ అసోసియేషన్ ఆ అర్జీ ముందుగా పెట్టాలి.

ఇక్కడున్న మీ అందరికీ ఒక విన్నపం. ఖాళీ నోటు మీద, ఖాళీ చెక్కు మీద సంతకం పెట్టకండి. టోకెన్‌ను రేపే ఇంటికి తెచ్చుకోండి, పాస్‌వర్డ్ మార్చండి. తగాదా వచ్చేలా ఉందనిపిస్తే సందేశాలు చెరపకండి, ఆ ఫోన్ అమ్మేయకండి. అసలు దస్తావేజు ఎక్కడుందో ఇంట్లో ఇంకొకరికైనా చెప్పి ఉంచండి. లాయరు ఫీజుకు వెనకాడాల్సిన పరిస్థితి ఉంటే జిల్లా న్యాయసేవాధికార సంస్థను కలవండి. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు, తక్కువ ఆదాయం ఉన్నవాళ్లకు అక్కడ లాయరును ఉచితంగా ఇస్తారు. హెల్ప్‌లైన్ నంబరు 15100.